ఆల్ట్రా ఎస్కలాంటే రివ్యూ: వేళ్లకి చోటిచ్చే న్యూట్రల్ షూ ఎవరికి పనికొస్తుంది, ఎవరికి పనికిరాదు

ముందే చెప్పేస్తా, మీ పాదం ముందు వైపు వెడల్పుగా ఉండి, ఏ రన్నింగ్ షూ వేసినా చిటికెన వేలు పక్కకి నొక్కుకుపోయి, దూరం పెరిగేకొద్దీ వేళ్ల మధ్య మంట మొదలయ్యే బాపతు అయితే ఈ రివ్యూ మీకోసమే. ఆల్ట్రా వాళ్ల ఎస్కలాంటే 3, రోడ్డు మీద పరిగెత్తడానికి చేసిన న్యూట్రల్ షూ, అంటే పాదం లోపలికి వాలకుండా ఆపే గట్టి సపోర్ట్ ఏదీ పెట్టనిది, కొన్ని నెలలుగా ఇవే వేస్కుని కేబీఆర్ పార్క్ చుట్టూ బయట ఫుట్‌పాత్ మీద, ఆదివారాలు నెక్లెస్ రోడ్ వైపు పరిగెత్తుతున్నా. షూ ఎలా ఉందో చెప్తా కానీ దాంతో పాటు న్యూట్రల్ షూ ఎలా ఎంచుకోవాలో కూడా చెప్పాలి, ఎందుకంటే ఆ లెక్క తెలియకుండా ఇది మంచిదా చెడ్డదా అంటే అర్థం ఉండదు. నా లెక్క ఇదీ: వేళ్లకి చోటు ఉందా అనేది మొదటి ప్రశ్న, మడమ దగ్గర ఎత్తు ఎంత అనేది రెండోది, మెత్తదనం మూడోది, పాదం లోపలికి వాలుతుందా అనేది ఆ తర్వాతెప్పుడో. మన షాపుల్లో ఈ వరస పూర్తిగా తలకిందులుగా ఉంటుంది.

సిటీలో ఒక పెద్ద షోరూంలో నన్ను మెషిన్ మీద నిలబెట్టారు, స్క్రీన్ మీద ఎరుపు నీలం రంగుల్లో పాదం బొమ్మ వచ్చింది, ఆ కుర్రాడు చూసి "సార్ మీకు ఓవర్ ప్రొనేషన్ ఉంది, న్యూట్రల్ వేస్తే మోకాళ్లు పోతాయ్, స్టెబిలిటీ షూనే తీస్కోండి" అన్నాడు. ఓవర్ ప్రొనేషన్ అంటే పాదం మరీ లోపలికి వాలడం, స్టెబిలిటీ షూ అంటే దాన్ని ఆపడానికి లోపలి వైపు గట్టిగా చేసిన షూ. నిలబడితే తీసిన బొమ్మ అది, పరిగెత్తేటప్పుడు తీసింది కాదు. అతను తెచ్చిన షూలోంచి కాలి కింద ఉండే అట్ట, అదే ఇన్‌సోల్ బయటికి తీసి నేల మీద పెట్టి దాని మీద నిలబడ్డా, చిటికెన వేలు సగం బయట ఉంది, బొటనవేలు అంచు కూడా బయటే. ఇదేంటి తమ్ముడూ అంటే "ఒక సైజ్ పెద్దది ఇస్తా సార్" అన్నాడు. పొడవు పెంచితే వెడల్పు సమస్య తీరదు కదా, ముందు ఖాళీ మిగిలిపోతుంది, మడమ జారుతుంది, లేసులు బిగించి కట్టాల్సొస్తుంది. కుర్రాడి తప్పేం లేదు, అతనికి ఇచ్చిన ట్రైనింగే అది. కొనకుండా వచ్చేశా.

ప్రొనేషన్ అంటే రోగం కాదండీ. పాదం నేలకి తాకగానే కొంచెం లోపలికి వాలుతుంది, అరికాలి వంపు, అదే ఆర్చ్, కొద్దిగా కిందికి దిగుతుంది, అలా దిగడం వల్లే దెబ్బ మెల్లగా పంచబడుతుంది. ఆ తర్వాత నేలని వెనక్కి తన్నే టైంకి అదే పాదం మళ్లీ బిగుసుకుని గట్టిపడుతుంది. ఒక్కో పాదంలో 26 ఎముకలు, 33 కీళ్లు ఉన్నాయి, అన్ని కీళ్లు ఉన్నది కదలడానికే. ఎవరికి ఎంత వాలుతుంది అనేది మనిషిని బట్టి మారుతుంది. షాపుల్లో మాత్రం ఫ్లాట్ ఫుట్‌కి, అంటే వంపు లేని చదును పాదానికి మోషన్ కంట్రోల్ (స్టెబిలిటీ కంటే ఇంకా గట్టిగా పట్టి ఉంచేది), మామూలు ఆర్చ్‌కి స్టెబిలిటీ, ఎత్తు ఆర్చ్‌కి కుషన్ అని మూడు డబ్బాలు పెట్టుకుని, వచ్చినవాళ్లందర్నీ అందులో వేసేస్తుంటారు.

ఈ డబ్బాల పద్ధతి పనిచేస్తుందా లేదా అని అమెరికా సైన్యం వాళ్లు పెద్ద ఎత్తునే చూశారు. ఆర్మీలో, ఎయిర్ ఫోర్స్‌లో, మెరీన్స్‌లో కొత్తగా చేరినవాళ్లని రెండు గుంపులు చేసి, ఒక గుంపుకి ఆర్చ్ చూసి దానికి తగ్గ షూ, ఇంకో గుంపుకి అందరికీ ఒకే రకం స్టెబిలిటీ షూ ఇచ్చి ట్రైనింగ్ చేయించారు. దెబ్బలు తగలడంలో చెప్పుకోదగ్గ తేడా రాలేదు. డెన్మార్క్‌లో ఇంకోటి చేశారు, 2014లో జర్నల్లో వచ్చింది, కొత్తగా పరుగు మొదలుపెట్టిన 927 మందికి, పాదం ఎలా ఉన్నా సరే, అందరికీ ఒకటే న్యూట్రల్ షూ ఇచ్చి ఏడాది పాటు చూశారు, లోపలికి వాలే పాదాలవాళ్లకి ఎక్కువ గాయాలేం కాలేదు. అంటే "న్యూట్రల్ వేస్తే మోకాళ్లు పోతాయ్" అనే మాటకి ఆధారం లేదన్నమాట.

రెండో వైపు కూడా చెప్పాలి. లక్సెంబర్గ్‌లో 372 మంది మీద చేసిన స్టడీ ఒకటి 2016లో వచ్చింది, అందులో మోషన్ కంట్రోల్ షూ వేసుకున్నవాళ్లకి గాయాలు తగ్గాయి, ముఖ్యంగా పాదం బాగా లోపలికి వాలేవాళ్లకి. కాబట్టి స్టెబిలిటీ షూలో హాయిగా ఏళ్ల తరబడి పరిగెత్తుతున్నవాళ్లు నా మాట విని మార్చేయొద్దు, ఇబ్బంది లేనప్పుడు మార్చాల్సిన పనే లేదు. కెనడాలో కాల్గరీ యూనివర్సిటీలో బెన్నో నిగ్ అనే ప్రొఫెసర్ దశాబ్దాల పాటు దీని మీదే పనిచేశాడు, ఆయన చెప్పేది ఏంటంటే ప్రతి శరీరానికీ తనకి నచ్చిన కదలిక దారి ఒకటి ఉంటుంది, షూ ఆ దారికి అడ్డం రాకుండా ఉండాలి, అడ్డం రావట్లేదని మనకి తెలిసేది కంఫర్ట్ ద్వారానే. నాకు ఇదే సరైన మాట అనిపిస్తుంది, షాపులో వేసుకోగానే సుఖంగా లేని షూ "వాడగా వాడగా సెట్ అవుద్ది" అని అమ్మేవాళ్ల మాట నమ్మొద్దు.

ఇప్పుడు నాకు బాగా ముఖ్యమైన విషయం, మన పాదాల సంగతి. మనలో చాలామంది చిన్నప్పుడు ఇంట్లో, వీధిలో చెప్పుల్లేకుండానో, హవాయి చెప్పుల్తోనో పెరిగినవాళ్లమే, బూట్లు అంటే స్కూల్ నల్ల బూట్లు మాత్రమే. మణిపాల్‌లో ఉదయ భాస్కర రావు, బెంజమిన్ జోసెఫ్ అనే ఇద్దరు డాక్టర్లు 2300 మంది పిల్లల పాదముద్రలు తీసి 1992లో ఒక పేపర్ రాశారు. బూట్లు చెప్పులు వాడే పిల్లల్లో ఫ్లాట్ ఫుట్ 8.6 శాతం, వట్టి కాళ్లతో తిరిగే పిల్లల్లో 2.8 శాతం. ముందు మూసి ఉన్న బూట్లు వాడేవాళ్లలో ఎక్కువ, చెప్పులూ శాండిల్సూ వాడేవాళ్లలో తక్కువ. పిల్లలకి ఆర్చ్ సపోర్ట్ ఉన్న బూట్లు కొనాలని తెగ కంగారు పడే అమ్మానాన్నలు ఒకసారి దీని గురించి చదవాలి, ఎంత మంచి పని చేశారో ఆ డాక్టర్లు. తర్వాత 2009లో బెంగళూరు ప్రాంతంలో జీవితాంతం చెప్పులు వేసుకోని మనుషుల పాదాల్ని ఒక బెల్జియం టీం కొలిచింది, వాళ్ల పాదం ముందు భాగం వెడల్పుగా ఉంది, నడిచేటప్పుడు బరువు పాదమంతా సమంగా పంచుకుంటోంది.

ఇక మన చెన్నైలో ఉన్న సెంట్రల్ లెదర్ రీసెర్చ్ ఇన్‌స్టిట్యూట్, సీఎల్ఆర్ఐ, వాళ్లు చేసింది ఇంకా పెద్ద పని. 2021 డిసెంబర్ నుంచి 2022 మార్చి దాకా దేశం మొత్తం మీద 79 చోట్ల లక్ష మందికి పైగా పాదాల్ని 3డీ స్కానర్లతో కొలిచారు. తేలింది ఏంటంటే మనవాళ్ల పాదాలు యూరప్, అమెరికా వాళ్ల పాదాల కంటే వెడల్పు, యూకే సైజులో పొడవు చూసి కొంటే పక్కల బిగుతు, అందుకని జనం ఒక సైజ్ పెద్దది కొని లేసులు బిగించి లాగించేస్తున్నారు. దాని ఆధారంగా "భ" అని మనకంటూ ఒక సైజుల పద్ధతి ప్రతిపాదించారు, వయసుని బట్టి 8 సైజులు. నా షోరూం అనుభవం నా ఒక్కడిదే కాదని అది చదివాకే అర్థమైంది. ఆ పద్ధతి మన షెల్ఫుల మీదకి నిజంగా వస్తే రన్నింగ్ షూలకే కాదు ఆఫీస్ బూట్లకి, స్కూల్ బూట్లకి కూడా పెద్ద మేలు జరుగుతుంది, నేను మనస్ఫూర్తిగా కోరుకుంటున్నా.

వెడల్పు గురించి ఎందుకింత పట్టుదల అంటే కారణం బొటనవేలు. కుర్చీలో కూర్చుని పాదం నేల మీద ఆనించి, చేత్తో బొటనవేలు ఒక్కటే పైకి లేపండి, ఆర్చ్ దానంతట అదే పైకి లేస్తుంది. అరికాలి కింద మడమ నుంచి వేళ్ల దాకా ప్లాంటార్ ఫేషియా అనే గట్టి పట్టీ ఉంటుంది, వేలు వంగగానే అది బిగుసుకుని పాదాన్ని గట్టిపరుస్తుంది, హిక్స్ అనే ఆయన 1954లోనే వివరించాడు దీన్ని. నేలని తన్ని ముందుకెళ్లే ప్రతి అడుగులో ఇదే జరుగుతుంది. ఇప్పుడు బొటనవేల్ని రెండో వేలి మీదకి నెట్టి పట్టుకుని మళ్లీ లేపండి, తేడా మీకే తెలుస్తుంది. ముక్కు సన్నగా ఉన్న షూ రోజంతా చేసే పని అదే. అంటే ఖరీదైన ఆర్చ్ సపోర్ట్ పెట్టి ముందు వైపు వేళ్లని కుదించేస్తే, ఒక చేత్తో ఇచ్చి రెండో చేత్తో లాక్కున్నట్టే.

ఆల్ట్రా పుట్టింది కూడా ఇలాంటి గొడవలోంచే. అమెరికాలో యూటా రాష్ట్రంలో గోల్డెన్ హార్పర్ అనే అతను వాళ్ల నాన్న రన్నింగ్ షూ షాపులో పనిచేసేవాడు. షూల మడమ కింద ఉండే ఎత్తు అడుగు పడే తీరుని మార్చేస్తోందని అతనికి అనుమానం. ఇంట్లో ఉన్న టోస్టర్ అవెన్‌లో షూలు వేడి చేసి, జిగురు కరిగాక సోల్ ఊడదీసి, ఆ ఎత్తు తీసేసి, మళ్లీ అతికించి ఇవ్వడం మొదలుపెట్టాడు, షాపుకి వచ్చే కస్టమర్లు అవే అడిగి కొనుక్కెళ్లారు. పెద్ద కంపెనీలు ఏవీ ఆసక్తి చూపకపోయేసరికి బ్రయాన్ బెక్‌స్టెడ్ అనే స్నేహితుడితో కలిసి సొంత కంపెనీ పెట్టాడు. 2018లో వీఎఫ్ కార్పొరేషన్ దాన్ని కొనేసింది. ఎస్కలాంటే మొదటి వెర్షన్ 2017లో వచ్చింది.

షూ విషయానికొస్తే, మడమ కింద 24 మిల్లీమీటర్లు, వేళ్ల కింద కూడా అదే 24. దీన్నే జీరో డ్రాప్ అంటారు, కుషన్ లేదని కాదు, మడమకీ వేళ్లకీ ఎత్తులో తేడా లేదని. చాలామంది ఈ రెండూ కలిపేస్కుని జీరో డ్రాప్ అంటే వట్టి కాళ్లతో పరిగెత్తినట్టు అనుకుంటారు, అలా కాదు, ఇందులో మెత్తదనం బాగానే ఉంది, మరీ దిగబడిపోయే మెత్తదనం కాదు, కొంచెం ఎగదన్నే రకం. మామూలు షూల్లో మడమ వైపు 8 నుంచి 12 మిల్లీమీటర్లు ఎక్కువ ఉంటుంది, నైకీ పెగసస్‌లో 10, బ్రూక్స్ ఘోస్ట్‌లో చాలా వెర్షన్ల దాకా 12. బరువు మగవాళ్ల అమెరికా 9 సైజుకి 260 గ్రాముల చుట్టూ ఉంటుంది. పైభాగం, అదే అప్పర్, అల్లిక గుడ్డ, సాగుతుంది, ముందు భాగం నిజంగా పాదం ఆకారంలోనే కోశారు, బొటనవేలు వైపు పొడవుగా, చిటికెన వేలు వైపు గుండ్రంగా. మొదటిసారి వేసుకుని వేళ్లు విప్పి చూసుకుంటే విప్పారాయి, షూ లోపల వేళ్లు విప్పడం ఎన్నేళ్లయిందో. చూపుకి ముందు వెడల్పుగా కనిపిస్తుంది, కొందరికి నచ్చదు, నాకు మాత్రం అందంగానే ఉంది, పాదం అలాగే ఉంటుంది కాబట్టి.

సోల్ కింద గాడులు పాదం ఎముకల అమరికని బట్టి పెట్టారు, షూని చేత్తో పట్టుకుని వంచితే వేళ్ల దగ్గరే వంగుతుంది, మధ్యలో కాదు. ఈ ఒక్క పరీక్ష షాపులో ఏ షూకైనా చేయండి, మధ్యలో వంగితే పక్కన పెట్టేయండి, మన పాదం అక్కడ వంగదు కదా.

పరుగులో ఎలా ఉందంటే, పాదం కింద నేల తెలుస్తుంది, రాయి గుచ్చుకునేంత కాదు, రోడ్డు వాలు ఎటుందో తెలిసేంత. నాకు అడుగులు కాస్త పొట్టిగా, త్వరత్వరగా పడటం మొదలైంది, అలా చేయాలని నేనేం ప్రయత్నించలేదు, మడమ ముందుకి విసిరి కొట్టే అలవాటు దానంతట అదే తగ్గింది. జూబ్లీహిల్స్ ఎత్తుల మీద ఎక్కేటప్పుడు చాలా బావుంటుంది, దిగేటప్పుడు తొడల మీద బరువు తెలుస్తుంది. వేళ్ల మధ్య మంట పోయింది. ఎండాకాలంలో పాదాలు ఉబ్బుతాయి కదా, మన హైదరాబాద్ ఏప్రిల్ మే నెలల్లో ఉదయం ఏడు దాటితేనే రోడ్డు వేడి పైకి కొడుతుంది, అప్పుడు ఈ చోటు ఎంత విలువైందో తెలుస్తుంది. వానాకాలం సంగతి వేరు, ఇది ఆల్ట్రా అనే కాదు ఏ అల్లిక అప్పర్ అయినా నీళ్లు పీల్చేస్తుంది, ఆరడానికి టైం పడుతుంది, లోపల న్యూస్ పేపర్ కుక్కి ఫ్యాన్ కింద పెట్టాలి, ఎండలో మాత్రం పెట్టొద్దు, జిగురు దెబ్బతింటుంది.

ఇప్పుడు జాగ్రత్తగా చదవాల్సిన ముక్క. జీరో డ్రాప్‌లోకి మారితే మడమ కిందికి దిగుతుంది కాబట్టి పిక్క కండరం, దాన్ని మడమకి కలిపే అకిలీస్ టెండన్ ఎక్కువ సాగాలి, ఎక్కువ పని చేయాలి. ఇన్నేళ్లు ఎత్తు మడమ మీద అలవాటైన పిక్కలు ఒక్కసారిగా ఒప్పుకోవు. యూటాలోనే బ్రిగమ్ యంగ్ యూనివర్సిటీ వాళ్లు 2013లో 36 మంది రన్నర్లతో ఒక స్టడీ చేశారు, అందులో 19 మందిని 10 వారాల్లో పల్చటి వేళ్ల షూలకి, అదే వైబ్రమ్ ఫైవ్‌ఫింగర్స్‌కి మార్చారు, ఎంఆర్ఐ తీస్తే 10 మందికి పాదం ఎముకల్లో వాపు పెరిగింది, మామూలు షూలో ఉన్న 17 మందిలో ఒక్కరికే. ఎస్కలాంటే అంత పల్చటిది కాదు కానీ పాఠం ఒకటే, పది వారాలు కూడా చాలలేదు. ఆ వేళ్ల షూల కంపెనీ మీద ఆరోగ్యం గురించి చేసిన ప్రచారానికి ఆధారాల్లేవని కేసు పడి 2014లో 37.5 లక్షల డాలర్లకి సెటిల్ చేస్కున్నారు కూడా. కాబట్టి ఏ షూ అయినా గాయాలు మాన్పుతుంది అని ఎవరన్నా అంటే నమ్మకండి, నేనూ ఆ మాట అనట్లేదు.

మారే పద్ధతి ఏంటంటే మొదట ఇంట్లో, కూరగాయలకి వెళ్లేటప్పుడు, ఆఫీస్‌కి వేస్కోండి, పిక్కలు నొప్పి లేకుండా ఉంటే అప్పుడు వారంలో ఒక చిన్న పరుగు, మిగతావి పాత షూలోనే. మెల్లగా పెంచుకుంటూ వెళ్లాలి, లాంగ్ రన్ మాత్రం అన్నిటికంటే చివర మార్చాలి. దీంతో పాటు మెట్టు అంచున మునివేళ్ల మీద నిలబడి మడమలు పైకి ఎత్తి నిదానంగా కిందికి దించే ఎక్సర్‌సైజ్ రోజూ చేయండి. ఉదయం లేవగానే మొదటి అడుగులో మడమ వెనక పట్టేసినట్టుంటే తొందరపడుతున్నారని అర్థం, వెనక్కి తగ్గండి. ఆగస్టులో హైదరాబాద్ మారథాన్ ఉంది కదా అని జూన్‌లో జీరో డ్రాప్ కొని మొదలుపెట్టొద్దు దయచేసి, ఆ రూట్‌లో ఫ్లైఓవర్లు ఎక్కి దిగడమే పిక్కలకి పెద్ద పని, రేస్ అయ్యాక మొదలుపెట్టండి.

కొందరు అసలు దీని జోలికే వెళ్లొద్దు. అకిలీస్ నొప్పి ఇప్పటికే ఉన్నవాళ్లకి మడమ ఎత్తున్న షూనే సుఖం. బొటనవేలి కీలు బిగుసుకుపోయి వంగనివాళ్లకి ఇంత మెత్తగా వంగే సోల్ పనికిరాదు, వాళ్లకి ముందు వైపు గట్టిగా, కొంచెం గుండ్రంగా పైకి లేచి ఉండే సోల్ కావాలి. షుగర్ ఉండి పాదాల్లో స్పర్శ తగ్గినవాళ్లు డాక్టర్‌ని అడగకుండా షూ ప్రయోగాలు ఏవీ చేయకూడదు, మన ఇళ్లల్లో షుగర్ ఎంతమందికి ఉందో తెలుసు కదా, నాన్నకో పెదనాన్నకో వాకింగ్‌కి బావుంటుందని కొనేముందు ఈ మాట గుర్తుపెట్టుకోండి.

వట్టి కాళ్లే గొప్ప అని వాదించేవాళ్లు కూడా ఉన్నారు, వాళ్లు ఎప్పుడూ ఇథియోపియా రన్నర్ అబెబె బికిలా పేరు చెప్తారు. నిజమే, 1960 రోమ్ ఒలింపిక్స్‌లో ఇచ్చిన షూలు కాలికి సరిపడక వట్టి కాళ్లతో మారథాన్ గెలిచాడు, 2 గంటల 15 నిమిషాల 16 సెకన్లు, ప్రపంచ రికార్డు. కానీ 1964లో టోక్యోలో షూలు వేస్కుని పరిగెత్తి అంతకంటే మూడు నిమిషాలు తక్కువలో మళ్లీ గెలిచాడు. ఆ రెండో సగం ఎవరూ చెప్పరు. నాకు దాంట్లో కనిపించేది ఏంటంటే కాలికి సరిపడని షూ కంటే వట్టి కాలు నయం, సరిపడే షూ దొరికితే అది ఇంకా నయం. మన రోడ్ల మీద గాజు పెంకులూ, మేకులూ, ఇంకా చెప్పకూడనివీ ఉంటాయి కాబట్టి నేను షూ వైపే.

జీరో భయంగా ఉందా, మధ్యదారి ఉంది. సాకొనీ కిన్వారా 4 మిల్లీమీటర్ల డ్రాప్, 2010 నుంచి వస్తోంది, తేలిక, మంచి న్యూట్రల్ షూ, ముందు వైపు ఆల్ట్రా అంత వెడల్పు ఉండదు. టోపో అథ్లెటిక్ అని ఇంకోటుంది, అంతకుముందు వైబ్రమ్ అమెరికా విభాగాన్ని నడిపిన టోనీ పోస్ట్ 2013లో మొదలుపెట్టిన కంపెనీ, 0, 3, 5 డ్రాప్‌లలో దొరుకుతాయి, వేళ్ల దగ్గర వెడల్పు, పాదం మధ్యలో, మడమ దగ్గర బిగుతు, నాకైతే చాలామందికి ఇదే మొదటి మెట్టుగా చెప్పాలనిపిస్తుంది. హోకా క్లిఫ్టన్ చూడ్డానికి ఎత్తు దిమ్మలా ఉన్నా చాలా వెర్షన్లలో డ్రాప్ 5 మాత్రమే, పదో వెర్షన్ నుంచి 8 చేశారు, మెత్తదనం కావాల్సినవాళ్లకి అది. ఇవేవీ వద్దు, ఉన్న డ్రాప్‌లోనే ఉంటా, వేళ్లకి చోటు మాత్రం కావాలి అంటే ఏసిక్స్, బ్రూక్స్, న్యూ బ్యాలెన్స్ వాళ్లు చాలా మోడల్స్‌లో వెడల్పు సైజులు చేస్తారు. మగవాళ్లకి మామూలు వెడల్పు డి, దాని మీద 2ఈ, 4ఈ. ఆడవాళ్లకి మామూలు వెడల్పు బి, వెడల్పుది డి. షాపులో షెల్ఫ్ మీద పెట్టరు, అడిగితేనే తెప్పిస్తారు, పెట్టె మీద రాసి ఉంటుంది చూస్కోండి. ఆడవాళ్లు వెడల్పు సైజ్ దొరక్కపోతే మగవాళ్ల మోడల్ ఒకటిన్నర సైజ్ తగ్గించి ప్రయత్నించొచ్చు, లేడీస్ 8 వేసుకునేవాళ్లు జెంట్స్ 6.5, ఇది అమెరికా సైజుల లెక్క. మా అక్క అలాగే కొంటుంది, రంగులు తక్కువ ఉంటాయని తిట్టుకుంటూ.

షాపుకి సాయంత్రం పూట వెళ్లండి, పాదాలు పొద్దుటి కంటే అప్పుడు పెద్దగా ఉంటాయి. పరుగుకి వేసే సాక్స్ తీస్కెళ్లండి. ఇన్‌సోల్ బయటికి తీసి నిలబడి చూడండి, వేలు ఏదీ అంచు దాటకూడదు. షూ వేస్కున్నాక పొడవైన వేలి ముందు బొటనవేలి వెడల్పంత ఖాళీ ఉండాలి, కొందరికి రెండో వేలు పొడవు ఉంటుంది, అది చూస్కోండి. రెండు కాళ్లకీ వేస్కోవాలి, పెద్ద పాదానికి సరిపోయేది తీస్కోవాలి. ఆ పక్కనే కారిడార్‌లోనో ఫుట్‌పాత్ మీదో నాలుగు అడుగులు పరిగెత్తనివ్వమని అడగండి, ఒప్పుకోని షాపులో కొనొద్దు. ఎక్కడైనా గుచ్చుకున్నా, రుద్దుకున్నా, ఆర్చ్ కింద ముద్దలా తగిలినా తీసి పక్కన పెట్టేయండి, డిస్కౌంట్ ఎంతున్నా సరే.

ధర సంగతి, అమెరికాలో 130, 140 డాలర్ల మధ్య, మన డబ్బుల్లో 11 వేల పైమాటే, పాత వెర్షన్ అయితే సేల్‌లో బాగా తగ్గుతుంది. నాకు డాలస్ నుంచి వస్తూ మా బావ తెచ్చిపెట్టాడు. ఆన్‌లైన్‌లో ఎవరెవరో రెండింతల రేటుకి అమ్ముతున్నారు, అలా కొనేముందు రిటర్న్ ఉందో లేదో చూస్కోండి, కొత్త ఆకారం షూ వేసి చూడకుండా రిటర్న్ లేకుండా కొనడం డబ్బులు పారేసుకోవడమే. బావకో చెల్లికో సైజ్ చెప్పేటప్పుడు అమెరికా సైజే చెప్పండి, మగవాళ్లకి మన యూకే సైజ్ కంటే ఒకటి ఎక్కువ ఉంటుంది, యూకే 8 అయితే అమెరికా 9. ఆల్ట్రాలోనే వెడల్పుల్లో మూడు రకాలు ఉన్నాయి, స్లిమ్, స్టాండర్డ్, ఒరిజినల్ అని, ఒరిజినల్ అన్నిటికంటే వెడల్పు, కొనే మోడల్‌కి ఏది రాసి ఉందో వెబ్‌సైట్లో చూసి చెప్పండి. ముందు వెడల్పుగా ఉంది కదా అని అర సైజ్ తగ్గించొద్దు, పొడవు పొడవే. మడమ కొంచెం కదులుతున్నట్టుంటే పైన చివర్లో ఉన్న అదనపు బొక్కలోంచి లేసు లూప్ చేసి కట్టండి, కదలడం ఆగిపోతుంది, వేళ్ల దగ్గర లేసులు మాత్రం వదులుగానే ఉంచండి.